బాలయోగి గారికి ఇంకో విగ్రహం వద్దు, ఒక అల్మరా ఇవ్వండి

కోనసీమ జిల్లాలోని గ్రంథాలయాల బాధ్యులకు, డిగ్రీ కాలేజీల్లో రాజనీతి శాస్త్రం, చరిత్ర చెప్పే అధ్యాపకులకు బహిరంగ లేఖ

అయ్యా, అమ్మా,

అక్టోబరు 1 వస్తే జయంతి, మార్చి 3 వస్తే వర్ధంతి. ఏడాదికి రెండుసార్లు గంటి మోహనచంద్ర బాలయోగి గారి ఫ్లెక్సీలు లేస్తాయి. వాటి మీద ఉండేవి నాలుగు ముక్కలు: లోక్‌సభ స్పీకర్, కోనసీమ ముద్దుబిడ్డ, బడుగుల ఆశాజ్యోతి, జోహార్. మర్నాటికి గాలికి చిరిగేవి చిరిగిపోతాయి. ఆయన మీద ప్రాజెక్టు రాయమంటే పిల్లలు ఫోన్లో దొరికిన అవే ముక్కలు తిరగేసి మరగేసి రాసుకొస్తారు, మనం మార్కులు వేస్తాం.

పదిహేనేళ్ల ప్రజా జీవితం ఆయనది. అందులో చాలా భాగం కాగితం మీదే ఉంది. కొంత ఢిల్లీలో, కొంత కాకినాడలో, కొంత అసెంబ్లీ రికార్డుల్లో, కొంత పాత పేపర్లలో. మేం కోరేది చిన్న పని. అమలాపురంలో ఏదో ఒక లైబ్రరీలో ఒక ఇనప అల్మరా, ఒక కంప్యూటరు, ఒక రిజిస్టరు కేటాయించి ఈ కాగితాల నకళ్లు ఒకచోట చేర్చండి. ఎలా చేర్చాలో, ఎక్కడ బోల్తా పడతామో మాకు తెలిసినంత రాస్తున్నాం.

ముందు తేదీల పట్టిక వేసుకోవాలి. 1951 అక్టోబరు 1న ఎదుర్లంకలో పుట్టారు. ఊరు ఇప్పటి ఐ.పోలవరం మండలంలోది, గౌతమి దాటితే యానాం. డిగ్రీ కాకినాడలో, పీజీ, లా ఆంధ్ర విశ్వవిద్యాలయంలో. 1980లో కాకినాడలో ప్లీడరుగా ప్రాక్టీసు పెట్టారు. 1985లో ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేటుగా ఎంపికై, ఆ ఉద్యోగం వదిలేసి మళ్లీ నల్లకోటే వేసుకున్నారు. 1987లో తూర్పు గోదావరి జిల్లా ప్రజా పరిషత్ అధ్యక్షులయ్యారు. 1991లో తెలుగుదేశం తరఫున అమలాపురం ఎంపీ. 1996లో ఓడిపోయారు. ఆ తర్వాత ముమ్మిడివరం ఉపఎన్నికలో గెలిచి రాష్ట్రంలో ఉన్నత విద్యా మంత్రిగా పనిచేశారు. 1998లో మళ్లీ లోక్‌సభకు వెళ్లి మార్చి 24న స్పీకరయ్యారు. 1999 అక్టోబరు 22న రెండోసారి అదే కుర్చీ. 2002 మార్చి 3న, ఆదివారం నాడు, కైకలూరు దగ్గర కొవ్వాడలంకలో హెలికాప్టరు కూలి చనిపోయారు. యాభై ఏళ్లకే పోయారు.

ఈ కాస్త పట్టికలోనే తప్పులు ఎలా దూరతాయో చూడండి. 'తొలి తెలుగు స్పీకర్' అని సభల్లో అలవాటుగా అనేస్తారు. కాదు. 1956 నుంచి 1962 దాకా మాడభూషి అనంతశయనం అయ్యంగార్, 1967లోనూ 1977లోనూ నీలం సంజీవరెడ్డి మన రాష్ట్రం నుంచి వెళ్లి ఆ కుర్చీలో కూర్చున్నవారే. 'పదవిలో ఉండగా కన్నుమూసిన తొలి స్పీకర్' అన్నదీ తప్పే. 1956 ఫిబ్రవరిలో తొలి లోక్‌సభ స్పీకర్ మావలంకర్ అలాగే పోయారు. దళితుల నుంచి వచ్చిన తొలి లోక్‌సభ స్పీకర్ అన్నది మాత్రం నిజం. అది ఒక్కటి చాలు, దాని పక్కన అబద్ధపు 'తొలి'లు అతికించనక్కర్లేదు.

ఇంకో గందరగోళం 1999ది. ఏప్రిల్ 26న లోక్‌సభ రద్దయింది కాబట్టి ఆయన పదవీ ఆరోజే పోయిందని కొందరు రాస్తారు. రాజ్యాంగం 94వ అధికరణం ప్రకారం సభ రద్దయినా స్పీకర్ దిగిపోడు. కొత్త సభ తొలిసారి కూర్చునే ముందు వరకూ ఆయనే స్పీకర్. 13వ లోక్‌సభ అక్టోబరు 20న కూర్చుంది కనుక 19 దాకా ఆయన పదవిలో ఉన్నట్టే లెక్క. అంటే స్పీకరుగా ఉంటూనే ఎన్నికల్లో నిలబడ్డారు. విద్యార్థికి ఈ ఒక్క ముక్క అర్థమైతే పరీక్షలో ఆ అధికరణాన్ని బట్టీ పట్టే పని ఉండదు.

పుట్టిన ఊరు, చదువు, ప్రాక్టీసు లాంటి వివరాలకు లోక్‌సభ వారి సభ్యుల పరిచయ గ్రంథాలు ఆధారం. అయితే వాటిలోవి సభ్యుడు తానే నింపి ఇచ్చిన వివరాలు. 10, 12, 13 లోక్‌సభల సంపుటాలు మూడూ తెచ్చి పక్కపక్కన పెట్టి చదవండి. ఒక దాంట్లో ఉన్నది మరో దాంట్లో లేకపోతే రిజిస్టరులో రాసి పెట్టుకోవాలి. మేజిస్ట్రేటు నియామకం లాంటి దానికి ఆ ఏటి రాష్ట్ర గెజిట్ చూడకుండా తేదీ వేయకండి.

ఆయన జీవితంలో ఎవరూ తొంగి చూడని అధ్యాయం జిల్లా పరిషత్. 1986 చట్టంతో పాత సమితులు పోయి మండలాలు వచ్చాయి. 1987లో జిల్లా పరిషత్ అధ్యక్షుణ్ని ఓటర్లే నేరుగా ఎన్నుకున్నారు, ఇప్పటిలా జడ్‌పీటీసీలు చేతులెత్తి ఎన్నుకోవడం కాదు. అంటే తుని నుంచి రాజోలు దాకా, రంపచోడవరం ఏజెన్సీతో సహా, జిల్లా అంతా ఆయనకు ఓటేసే అవకాశం ఉన్న ఎన్నిక అది. అసెంబ్లీ సీటుకి కూడా నిలబడని, ముప్పై అయిదు దాటిన ఒక ప్లీడరు ఏకంగా జిల్లా మొత్తానికి అభ్యర్థి కావడం ఎంత పెద్ద మెట్టో ఫ్లెక్సీల వాళ్లకు తట్టదు. అమలాపురం లోక్‌సభ స్థానం కంటే అది చాలా పెద్దది.

2022లో జిల్లాలు విడిపోయినా జిల్లా పరిషత్తులు పాత ఉమ్మడి జిల్లాల పద్ధతిలోనే నడుస్తున్నాయి. కనుక ఆ కాలపు తీర్మానాల పుస్తకాలకు కాకినాడే వెళ్లాలి. అడగాల్సినవి ఇవి: 1987 నుంచి సర్వసభ్య సమావేశాల మినిట్స్, స్థాయీ సంఘాల మినిట్స్, ఏటేటా బడ్జెట్ అంచనాలు. మినిట్స్‌లో ముందు హాజరు సంతకాలు చూడండి, ఆ రోజు అధ్యక్ష స్థానంలో ఎవరు ఉన్నారో అక్కడ తేలుతుంది. తర్వాత తీర్మానం నంబరు, తేదీ. చాలామంది ఇక్కడే ఆగిపోయి 'ఫలానా హైస్కూలు భవనం బాలయోగి కట్టించారు' అని రాసేస్తారు. తీర్మానం వేరు, పరిపాలనా మంజూరు వేరు, సాంకేతిక మంజూరు వేరు, పని పూర్తవడం వేరు. పని జరిగిందో లేదో చెప్పేది ఎం-బుక్, అంటే చేసిన పని కొలతలు రాసే పుస్తకం. అది పంచాయతీరాజ్ ఇంజనీరింగ్ విభాగంలో ఉంటుంది, ఉంటే. తీర్మానం దొరికి ఎం-బుక్ దొరక్కపోతే 'తీర్మానించారు' అని మాత్రమే రాయాలి.

శిలాఫలకాల ఫొటోలు కూడా తీయండి, కానీ వాటిని నమ్మకండి. ఫలకం మీద పేరు ఆ రోజు వచ్చిన వాళ్లది. డబ్బు ఎవరు మంజూరు చేశారో అది చెప్పదు. శంకుస్థాపన రాయి ఒక ప్రభుత్వంలో, ప్రారంభోత్సవం రాయి ఇంకో ప్రభుత్వంలో, రెండూ ఒకే గోడకి ఉండడం మన జిల్లాలో కొత్తేం కాదు.

ఎంపీ నిధుల సంగతీ అంతే. ఆ పథకం పుట్టిందే 1993 డిసెంబరు 23న. 1991, 1992లో ఏ వంతెనకో ఏ సామాజిక భవనానికో 'ఎంపీ నిధులు' అని ఎవరైనా చెబితే అది వేరే డబ్బు. 1993-94లో ఎంపీకి 5 లక్షలు, మరుసటి ఏడాది నుంచి కోటి, 1998-99 నుంచి 2 కోట్లు. ఎంపీ చేసేది సిఫారసే, మంజూరు కలెక్టరుది. కాబట్టి ఆయన లోక్‌సభలో ఉన్న ఏళ్లకు పనుల జాబితా కలెక్టరేట్లలో ప్రణాళిక విభాగం వైపు అడగాలి.

పెద్ద పనులకు వేరే దారి. కోటిపల్లి రైలు మార్గమే తీసుకోండి. కాకినాడ నుంచి కోటిపల్లికి బ్రిటిష్ కాలంలో రైలు ఉండేది, రెండో ప్రపంచ యుద్ధం రోజుల్లో పట్టాలు ఊడబెరికి తీసుకుపోయారు. ఆ మార్గం 2004లో మళ్లీ తెరుచుకుంది. కోటిపల్లి నుంచి నరసాపురం దాకా సుమారు 57 కిలోమీటర్ల కొత్త మార్గం 2000-01 రైల్వే బడ్జెట్‌లో మంజూరైంది, అప్పుడాయన స్పీకరు. గౌతమి, వైనతేయ, వశిష్ఠ మూడు పాయల మీదా వంతెనలు కావాలి కాబట్టి ఖర్చంతా అక్కడే. ఈ కథలో ఆయన పాత్ర ఎంతో తేల్చాలంటే ఉపన్యాసాలు పనికిరావు. రైల్వే వారి పింక్ బుక్కులు, అంటే బడ్జెట్‌తో పాటు వచ్చే పనుల కేటాయింపుల పుస్తకాలు, ఏటేటివీ తీసి, అంచనా వ్యయం ఎంత, ఆ ఏడు ఇచ్చింది ఎంత అన్న రెండు గళ్లు రాసుకుంటూ పోవాలి. మంజూరు అన్నమాట ఎంత తేలికో, కేటాయింపు ఎంత బరువో ఆ రెండు గళ్ల మధ్య తేడాయే చెబుతుంది. యానాం ఎదుర్లంక వారధికి ఆయన పేరు ఉంది కదా అని దాని ఫైలు చూడకుండా వదలకండి. యానాం పుదుచ్చేరిది కనుక ఆ ఒడ్డు కాగితాలు వేరే ప్రభుత్వంలో ఉంటాయి.

ఇక లోక్‌సభ. ఇది చాలా పెద్ద గని, తప్పులు జరిగేదీ ఇక్కడే. లోక్‌సభ చర్చలు పార్లమెంటు డిజిటల్ లైబ్రరీలో ఉచితంగా దొరుకుతాయి. పిల్లలు 'బాలయోగి' అని ఇంగ్లీషులో కొట్టి, 1991-96 మధ్యవి కొన్ని వచ్చి, 1998 తర్వాత దాదాపు ఏమీ రాకపోతే ఆయనేం మాట్లాడలేదని అనుకుంటారు. కారణం చిన్నది. సభ్యుడిగా ఉన్నప్పుడు 'శ్రీ జి.ఎం.సి.బాలయోగి (అమలాపురం)' అని పడుతుంది. స్పీకరైతే పేరు ఉండదు, 'మిస్టర్ స్పీకర్' అని మాత్రమే. అదీ ఆయన కుర్చీలో ఉన్నంతసేపే. ఆయన లేచి వెళ్లి పి.ఎం.సయీద్ గారు కూర్చుంటే 'మిస్టర్ డిప్యూటీ స్పీకర్' అవుతుంది, వాళ్లిద్దరూ లేనప్పుడు సభ నడిపే ప్యానెల్ సభ్యులు కూర్చుంటే 'మిస్టర్ ఛైర్మన్' అవుతుంది. పేజీ మధ్యలో ఈ మార్పు గమనించకపోతే సయీద్ గారి రూలింగు బాలయోగి ఖాతాలో పడుతుంది.

చర్చల్లో నక్షత్రం గుర్తులుంటాయి. ఒక చోట 'తెలుగులో చేసిన ప్రసంగానికి అనువాదం' అని, ఇంకోచోట 'అధ్యక్షుల ఆదేశంతో రికార్డు నుంచి తొలగించినది' అని అడుగున ఉంటుంది. రెంటినీ కలిపేయకండి. ప్రశ్నల విషయంలో, నక్షత్రం గుర్తు ఉన్నదానికి మంత్రి సభలో నోటితో జవాబు చెబుతాడు, లేనిదానికి రాతపూర్వకంగా ఇస్తాడు. ఒకే సంగతి మీద నలుగురైదుగురు అడిగితే పేర్లన్నీ ఒక ప్రశ్న కింద కలిపేస్తారు. ప్రశ్న అడిగారు కదా అని ఆ పని ఆయనే తెచ్చారని రాయడం ఎంపీల కరపత్రాల అలవాటు, మనకొద్దు.

ఈ మొత్తం గనిలో ఒక్క రోజు మాత్రం పూర్తిగా, మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా చదివించండి: 1999 ఏప్రిల్ 17. అన్నా డీఎంకే మద్దతు తీసేశాక వాజ్‌పేయి ప్రభుత్వం విశ్వాస తీర్మానం పెట్టింది. అనుకూలం 269, వ్యతిరేకం 270. ఒక్క ఓటుతో ప్రభుత్వం పడింది. మన దగ్గర రెండు కథలు తిరుగుతున్నాయి. ఒకటి, బాలయోగి ఓటుతో ప్రభుత్వం పడిందని. అది పచ్చి అబద్ధం. 100వ అధికరణం ప్రకారం స్పీకర్ మొదటి విడతలో ఓటు వేయడు, రెండు వైపులా సమానమైతేనే వేస్తాడు. ఆ రోజు సమానం కాలేదు, ఆయన ఓటు వేయనేలేదు. రెండోది, గిరిధర్ గమాంగ్‌కి ఓటు హక్కు ఇచ్చి బాలయోగే ప్రభుత్వాన్ని పడగొట్టారని. ఇది సగం తెలిసి చెప్పే మాట, అందుకే దీన్ని నిదానంగా విప్పాలి.

గమాంగ్ కోరాపుట్ ఎంపీ. ఫిబ్రవరిలో ఒడిశా ముఖ్యమంత్రిగా ప్రమాణం చేశారు గానీ లోక్‌సభకు రాజీనామా ఇవ్వలేదు. ముఖ్యమంత్రి అయినా ఆ రాష్ట్ర శాసనసభలో ఇంకా సభ్యుడు కాలేదు. 164వ అధికరణం కింద సభ్యత్వం లేకుండా ఆరు నెలల దాకా మంత్రిగా ఉండవచ్చు. పార్లమెంటులోనూ రాష్ట్ర శాసనసభలోనూ రెండు సభ్యత్వాలు ఉంటే ఒకటి వదలాలన్న 101వ అధికరణం నిబంధన ఆయనకి తగలదు, ఎందుకంటే రెండో సభ్యత్వం లేదు. అంటే చట్టం లెక్కలో ఆయన ఇంకా ఎంపీయే. నీతి లెక్క వేరు, ఆ విషయం మీద సభలో పెద్ద గొడవే జరిగింది. స్పీకర్ దాన్ని సభ్యుడి విజ్ఞతకే వదిలేశారు. గమాంగ్ ఓటేశారు.

ఇప్పుడు పిల్లల చేత కూడిక తీసివేత చేయించండి. గమాంగ్ ఓటు తీసేస్తే 269, 269. సమానం. అప్పుడు రాజ్యాంగం చూసేది ఎదుర్లంక నుంచి వచ్చిన మనిషి వైపు. ఆయన పార్టీ తెలుగుదేశం ఆ రోజు ప్రభుత్వం పక్షాన ఓటేసింది. గమాంగ్‌ని ఆపి ఉంటే, ఆ తర్వాత ఓటు తనే వేయాల్సి వస్తే, ఆ రెండు పనులూ ఒకే చేత్తో చేసినట్టు అయ్యేది. చట్టం నిషేధించని ఓటుని ఆపకపోవడమే సరైన పని అని మా అభిప్రాయం. సొంత పార్టీ కోరుకున్న ఫలితానికి ఎదురొచ్చే అవకాశం ఉన్నా ఆయన ఆపలేదు. ఒప్పుకోని అధ్యాపకులు ఉంటారు, ఉండాలి కూడా. క్లాసులో రెండు పక్షాలు కట్టి వాదించుకోమనండి, కానీ ముందు ఆ రోజు చర్చ ముద్రిత ప్రతి చేతిలో పెట్టండి. సమానమైతే స్పీకర్ ఓటు ఎటు పడాలన్న పాత సంప్రదాయం ఒకటుంది: ఉన్న స్థితిని మార్చని వైపు. విశ్వాస తీర్మానంలో 'ఉన్న స్థితి' అంటే ప్రభుత్వం ఉండడమా, సభ విశ్వాసం ఇంకా తేలకపోవడమా? దీనికి ఏ గైడులోనూ జవాబు ఉండదు.

ఏప్రిల్ 17 గొడవలో పడి మిగతా స్పీకరు పని మరుగున పడింది. 2000 మే 16న లోక్‌సభకు తొలిసారి నైతిక విలువల సంఘం వేసింది ఆయనే. 2001 డిసెంబరు 5న సభా నియమాల్లో 374ఏ చేరింది. సభ మధ్యలోకి దూసుకొచ్చి గొడవ చేసే సభ్యుణ్ని స్పీకర్ పేరు పెట్టి పిలిస్తే వరుసగా అయిదు రోజుల సభలకు, లేదా సమావేశాలు అంతకంటే ముందే ముగిస్తే అక్కడిదాకా, దానంతట అదే సస్పెన్షన్. ఈ రోజుకీ పార్లమెంటు వార్తల్లో వినపడే నిబంధన అది. ఆ తర్వాత ఎనిమిదో రోజే, డిసెంబరు 13న, పార్లమెంటు మీద దాడి జరిగింది. పార్లమెంటు గ్రంథాలయ భవనంలో ఆడిటోరియంకి ఆయన పేరు ఉంది, హైదరాబాద్ గచ్చిబౌలి స్టేడియంకీ ఉంది. గ్రంథాలయానికి ఆయన పేరుతో ఉన్న బంధం ఢిల్లీలో ఉండి కోనసీమలో లేకపోవడం ఏమంత బావుంటుంది?

ఎన్నికల లెక్కలకు ఎన్నికల సంఘం గణాంక నివేదికలు చాలు. 1991, 1996, 1998, 1999 నాలుగూ దించుకోండి. అయితే ఆ అంకెల్ని 2009 తర్వాతి అమలాపురంతో పోల్చకండి. 2008 పునర్విభజనలో అల్లవరం, నగరం, తాళ్లరేవు అసెంబ్లీ స్థానాలు పోయాయి, మండపేట, పి.గన్నవరం కొత్తగా వచ్చాయి. ఆయన కాలంలో ముమ్మిడివరం ఎస్సీ రిజర్వుడు, ఇప్పుడు జనరల్. పేరు ఒకటే అయినా నియోజకవర్గం వేరు. ఇంకొకటి: ఆయన ఆస్తుల అఫిడవిట్ కోసం వెతకొద్దు. అభ్యర్థులు ఆస్తులు, కేసులు ప్రకటించాలన్న నిబంధన సుప్రీంకోర్టు 2002, 2003 తీర్పులతో వచ్చింది. అప్పటికి ఆయన లేరు. 'అఫిడవిట్ దాచేశారు' అని ఎవరైనా అంటే ఇదే జవాబు.

ఆఫీసుల నుంచి కాగితం రావాలంటే సమాచార హక్కు దరఖాస్తే దారి. జిల్లా స్థాయి కార్యాలయానికి రుసుము 10 రూపాయలు, మండల స్థాయిలో 5, గ్రామ స్థాయిలో ఏమీ లేదు. నకలు ఏ4 పేజీకి 2 రూపాయలు. 'బాలయోగి గారి గురించి ఉన్న సమాచారమంతా' అని రాస్తే 'నిర్దిష్టంగా లేదు' అని తిరిగొస్తుంది. 'ఫలానా నెల నుంచి ఫలానా నెల వరకు సర్వసభ్య సమావేశాల మినిట్స్ చూసుకోవడానికి అనుమతి' అని రాయండి. నకళ్లు కాకుండా ముందు తనిఖీ అడగడం మేలు, మొదటి గంటకు రుసుము ఉండదు, కావాల్సిన పేజీలే గుర్తుపెట్టుకుని నకలు తీయించుకోవచ్చు. 30 రోజుల్లో జవాబు రాకపోతే మరో 30 రోజుల్లో మొదటి అప్పీలు. 'వ్యక్తిగత సమాచారం' అని నిరాకరిస్తే 8(3) సెక్షను చూపండి: 20 ఏళ్లు దాటిన సంగతులకు చాలా మినహాయింపులు వర్తించవు. 1987 నుంచి 2002 దాకా అన్నీ ఆ గీత దాటేశాయి. ఫైలు ధ్వంసం చేశామంటే వదిలేయకండి, ధ్వంసం చేసిన ఫైళ్ల రిజిస్టరు నకలు అడగండి. అదీ ఒక ఆధారమే.

పాత పేపర్లకు రాజమహేంద్రవరం గౌతమీ గ్రంథాలయం మొదటి మెట్టు. పేపరు తేదీ సంఘటన తేదీ కాదు, మర్నాటిది. ఏప్రిల్ 17 వార్త ఏప్రిల్ 18 పేపర్లో ఉంటుంది. ఫొటో తీసేటప్పుడు వార్త ముక్క ఒక్కటే కాదు, పేజీ మొత్తం, పైన పేపరు పేరు, తేదీ, ఏ ఎడిషనో పడేలా తీయండి. తేదీ లేని క్లిప్పింగు ఎంత ముఖ్యమైనదైనా సగం ధర చేయదు. స్కానింగ్ అక్షరాలకు 300 డీపీఐ, ఫొటోలకు 600. దాచడానికి టిఫ్, చూడటానికి జేపెగ్. ఫైలు పేరు ఏడాది, నెల, రోజు, ఆధారం, పేజీ ఈ వరసలో పెట్టుకుంటే కంప్యూటరు దానంతటదే కాలక్రమంలో పేరుస్తుంది.

ఇళ్లలోంచి ఫొటోలు, ఉత్తరాలు, కరపత్రాలు కూడా వస్తాయి. మన గాలిలో చెమ్మ ఎక్కువ. లామినేషన్ చేయించకండి, అది కాగితాన్ని కాపాడదు, ఊపిరాడకుండా చేసి వదులుతుంది. సెల్లోటేపు, గుండుసూది, స్టేపుల్ పిన్ను మూడూ శత్రువులే: టేపు పచ్చబడి అక్షరాన్ని లాగేస్తుంది, ఇనుము తుప్పు పట్టి కాగితాన్ని కొరికేస్తుంది. ఫొటో వెనక బాల్‌పెన్నుతో రాయొద్దు, మెత్తటి పెన్సిలుతో రాయండి. అల్మరాని గోడకి ఆరంగుళాలు ఎడంగా, కింద చెక్క దిమ్మల మీద పెట్టండి. 1986 ఆగస్టు వరద మట్టం ఆ భవనంలో ఎక్కడిదాకా వచ్చిందో అడిగి, కింది అర దానికి పైన ఉండేలా చూసుకోవాలి. అసలు ప్రతి స్కాన్ చేసి వాళ్ల ఇంటికే తిరిగి ఇచ్చేస్తే గొడవ ఉండదు. పేపర్ల కాపీలు, ఫొటోలు లైబ్రరీలో కూర్చుని చూసుకోవడానికే, నెట్‌లో పెట్టాలంటే హక్కుదారుల అనుమతి కావాలి.

ఆయనతో పనిచేసిన వాళ్లు డెబ్భై, ఎనభైల్లో ఉన్నారు. వాళ్ల మాట రికార్డు చేయడం కాగితం కంటే తొందరగా జరగాలి. ఫోను చాలు, ఏరోప్లేన్ మోడ్‌లో పెట్టి, సీలింగ్ ఫ్యాన్ కట్టేసి. గంటన్నర మించొద్దు, మరో రోజు వెళ్లండి. 'ఆయన ఎలాంటి మనిషి?' అని అడిగితే వచ్చేది వర్ధంతి ఉపన్యాసమే. 'జిల్లా పరిషత్తులో మీరు ఏ సీట్లో ఉండేవారు, ఫైలు ముందు ఎవరి దగ్గరికి వెళ్లేది, ఆయన సంతకం పెట్టకుండా వెనక్కి పంపిన కాగితం ఏదైనా ఉందా?' అని అడగండి. ఏడాది అడిగితే తడబడతారు. 86 వరదకి ముందా తర్వాతా, 91 పుష్కరాలకి ముందా, 96 తుపానుకి ముందా వెనకా, 2003 పుష్కరాల నాటికి ఆయన ఉన్నారా అని అడిగితే చటుక్కున చెబుతారు. రికార్డింగు మొదట్లోనే పేరు, తేదీ, ఊరు, 'దీన్ని లైబ్రరీలో ఉంచడానికి నాకు అభ్యంతరం లేదు' అన్న మాట వాళ్ల గొంతుతోనే పడాలి, కాగితం మీద సంతకమూ ఉండాలి.

ఆయనకి ఎదురు నిలిచిన వాళ్లనీ అడగండి. 1996లో ఓడించిన పక్షం వాళ్లు ఆ ఎన్నికను ఎలా చూశారో లేకుండా ఆ ఓటమి అర్థం కాదు. ఆయన తర్వాత ఉపఎన్నికలో భార్య విజయకుమారి గారు, 2024లో కుమారుడు హరీష్ మాథుర్ గారు అదే అమలాపురం నుంచి లోక్‌సభకు వెళ్లారు. కుటుంబం దగ్గర ఉన్న కాగితాలు విలువైనవి, గౌరవంగా అడిగి నకళ్లు తీసుకోండి. కానీ అల్మరా తాళం ఏ పార్టీ చేతిలోనూ, ఏ కుటుంబం చేతిలోనూ ఉండకూడదు, లైబ్రేరియన్ దగ్గరే ఉండాలి. ఏం పెట్టాలో, ఏం తీసేయాలో చెప్పే హక్కు విరాళమిచ్చిన వాళ్లకి ఉండదని మొదటి రోజే రాతలో పెట్టుకోండి. ఇది కొంచెం కటువుగా వినిపిస్తుందని తెలుసు.

మొదటి ఏడాదికి అన్నీ తలకెత్తుకోవద్దు. ఒక కాలేజీ 10వ లోక్‌సభ చర్చల్లో ఆయన పేరు ఉన్న పేజీలు తీసుకోనీ. ఇంకో కాలేజీ 1999 ఏప్రిల్ 15 నుంచి 17 దాకా చర్చలు. మూడో కాలేజీ కాకినాడ వెళ్లి 1987-91 మినిట్స్. బీఏ ఆఖరి ఏడాది పిల్లలు పదిమంది, ఇద్దరు అధ్యాపకులు ఉంటే ఒక సెమిస్టరులో తేలే పని ఇది. దరఖాస్తుల ముసాయిదాలు, ఫైలు పేర్ల పద్ధతి, అనుమతి పత్రం నమూనా మా దగ్గర తయారుగా ఉన్నాయి. ఏ లైబ్రరీ అల్మరా ఇస్తుందో, ఏ కాలేజీ ఏ భాగం తీసుకుంటుందో మీ నోటీసు బోర్డులో పెట్టండి. పిల్లలకి మినిట్స్ చదవడం, చర్చల్లో కుర్చీ ఎవరిదో పట్టుకోవడం నేర్పడానికి మేం వస్తాం. దారి ఖర్చులు మావే.

ఇట్లు,
అమలాపురం, ముమ్మిడివరం, కాకినాడల్లో పాత రికార్డుల పనిలో ఉన్న కొందరం